కాలవగట్టు షెడ్డులో ఒలింపస్ దేవతలు: ఫైబర్ బొమ్మల సెట్టు కొనవచ్చా?

డెల్టా ఊళ్లలో ఫంక్షన్ హాలు గేటు ముందు ఇదివరకు రెండు సింహాలో, నమస్కారం పెడుతున్న అమ్మాయి బొమ్మో ఉండేది. ఇప్పుడు ఆ చోట్లోకి గ్రీకు దేవతలు దిగుతున్నారు. కోనసీమలో కాలవగట్టు మీద ఉన్న ఒక బొమ్మల షెడ్డు వీళ్ల సెట్టు తయారుచేసి అమ్ముతోంది. ఇన్నాళ్లూ వినాయకులు, ఆంజనేయులు, నాయకుల విగ్రహాలు పోసిన చేతులే వీటినీ పోస్తున్నాయి. షెడ్డు పేరు ఇక్కడ రాయడం లేదు. కింద చెప్పిన తప్పుల్లో సగం అడిగితే సరిచేసి ఇచ్చేవే, మిగతా సగం ఫైబర్ బొమ్మలు పోసే ఏ షెడ్డులోనైనా కనిపించేవే.

మూడడుగుల బొమ్మ 14,500 రూపాయలు, ఐదడుగులది 38,000. రంగు, అడుగు పలక, పేరు రాసిన ప్లేటు అందులోనే. బండి కిరాయి, బిగింపు కొన్నవాళ్ల నెత్తినే. సగం అడ్వాన్సు ఇస్తే నెల రోజులన్నారు. వానాకాలంలో నెలన్నర అనుకోవాలి, ఎందుకో తర్వాత చూద్దాం.

ముందు బొమ్మల సంగతి. మన దగ్గర దేవుణ్ని ముఖం చూసి పోల్చుకోం. చేతిలో ఏముంది, కాళ్ల దగ్గర ఏం కూర్చుంది అని చూస్తాం. శంఖచక్రాలు తీసేస్తే విష్ణువు ఎవరో రాజుగారైపోతాడు. గ్రీకుల పద్ధతీ అదే. ఈ షెడ్డులో ముఖాలు బాగా కుదిరాయి, గుడ్డ మడతలు ఇంకా బాగా కుదిరాయి. తేడా వచ్చిందల్లా చేతుల్లో.

యుద్ధానికీ తెలివికీ దేవతైన ఎథీనా దగ్గర మొదలుపెడదాం, ఎక్కువ అమ్ముడుపోయేది ఆవిడే కనక. శిరస్త్రాణం, ఈటె, డాలు ఉన్నాయి. కుడి అరచేతి మీద చిన్న నైకీ, అంటే రెక్కల విజయదేవత, నిలబడి ఉంది. ఏథెన్సు పార్థినాన్ గుడిలో క్రీ.పూ. 438లో నిలబెట్టిన, ఫిడియాస్ అనే శిల్పి చేసిన ఎథీనా ఎలా ఉండేదో దాని చిన్న నకళ్ల వల్ల తెలుస్తుంది. 1880లో ఏథెన్సులో దొరికిన మీటరు ఎత్తు పాలరాతి బొమ్మ అలాంటిదే. అందులో నైకీ ఉన్న చేతి కింద ఒక స్తంభం ఉంటుంది. ఈ షెడ్డువాళ్లు 'అడ్డంగా ఉంది' అని ఆ స్తంభం తీసేశారు. తీసేయకుండా ఉండాల్సింది. చాచిన చెయ్యి, చివర బరువు, మోచేతి దగ్గర మూడు మిల్లీమీటర్ల ఫైబర్. ఎండకి మెత్తబడి నెలల్లోనే చెయ్యి కిందకి వాలుతుంది. స్తంభంతోనే చెయ్యమనండి, మూస వాళ్ల దగ్గర ఉంది.

ఎథీనా గుండెల మీద ఏజిస్ అనే కవచం ఉంటుంది. అంచుల్లో పాములు, మధ్యలో గోర్గాన్ అనే రాక్షసి తల. నాలుక బయటపెట్టి కోరలతో గుడ్లురిమే ఆ తల పని ఏమిటంటే, కొత్తింటి మీద మనం కట్టే దిష్టిబొమ్మ పనే. ఈ సంగతి ఎవరూ చెప్పకుండానే మేస్త్రి దానికి అచ్చం దిష్టిబొమ్మ ముఖం పెట్టాడు, మీసాలతో సహా. నవ్వొస్తుంది గానీ పెద్ద తప్పేం కాదు. పాతకాలపు గోర్గాన్ ముఖాలకు గడ్డాలు కూడా ఉండేవి.

పక్షి దగ్గరే వచ్చింది చిక్కు. ఎథీనా పక్కన గుడ్లగూబ ఉండాలి. మన తాటిచెట్ల తొర్రల్లో ఉండే పైడికంటెకి చాలా దగ్గర చుట్టం అది. శాస్త్రవేత్తలు రెండింటినీ ఆ దేవత పేరు మీదే 'ఎథీనీ' అన్న ప్రజాతిలో చేర్చారు. కానీ ఇంటి ముందు గుడ్లగూబ అంటే ఇక్కడ ఒప్పుకునేదెవరు? అందుకని షెడ్డులో అడిగినవాళ్లకి అది తీసి చిలకని పెట్టిస్తున్నారు. చిలక పెట్టిన ఎథీనా ఇక ఎథీనా కాదు, హెల్మెట్టు పెట్టుకున్న మీనాక్షమ్మ. గుడ్లగూబ వద్దనుకుంటే ఆలివ్ కొమ్మ పెట్టించుకోండి. అదీ ఆవిడదే, ఎవరికీ అభ్యంతరం ఉండదు.

పాముల మాట వచ్చింది కాబట్టి హెర్మిస్. కాళ్ల చెప్పులకి రెక్కలు, నెత్తిన వెడల్పు అంచు టోపీ, చేతిలో రెండు పాములు పెనవేసుకున్న కర్ర. అన్నీ ఉన్నాయి. ఒక్క పొరపాటు: ఆ రెండు పాములకీ పడగలున్నాయి. తరతరాలుగా నాగప్రతిష్ఠలకి, సుబ్రహ్మణ్యస్వామికి పాములు చేసిన చెయ్యి, పడగ లేకుండా ఊరుకోలేదు. గ్రీకు పాముకి పడగ ఉండదు, తల సన్నగా, జెర్రిపోతు తలలా ఉండాలి. పెద్దాసుపత్రి ముందు పెట్టడానికని ఈ హెర్మిస్‌ని అడిగేవాళ్లున్నారట. వద్దు. వైద్యుడి కర్ర గ్రీకుల వైద్య దేవుడు అస్క్లీపియస్‌ది. దానికి ఒకే పాము, రెక్కలుండవు. హెర్మిస్ వర్తకులకీ ప్రయాణికులకీ దొంగలకీ దేవుడు, చనిపోయినవాళ్లని పాతాళానికి దారి చూపించి తీసుకెళ్లేది కూడా ఆయనే. ఆసుపత్రి గేటు దగ్గర అంత బాగోదు. అమెరికా సైన్యపు వైద్య విభాగం 1902లో రెండు పాముల గుర్తు తీసుకున్న దగ్గర్నుంచి ఈ గందరగోళం బాగా పాకింది.

దేవతల రాజు జియస్, సముద్రాల దేవుడు పొసైడన్ ఇద్దరికీ ఒకే ఒళ్లు, ఒకే గడ్డం. చేతిలో వస్తువు మారుతుంది, అంతే. డబ్బు ఆదా కోసం చేసినా దీనికి పెద్ద సాక్ష్యమే ఉంది. గ్రీసులో ఆర్టెమీసియన్ అగ్రం దగ్గర సముద్రంలో 1926, 1928ల్లో ముక్కలుగా దొరికిన 209 సెంటీమీటర్ల కంచు విగ్రహం ఎవరిదన్న వాదన ఇప్పటికీ ఉంది. కుడి చేతిలోది పోయింది. త్రిశూలం పెడితే ముఖానికి అడ్డం వస్తుంది కాబట్టి అది పిడుగే, ఆయన జియసే అని ఎక్కువమంది మాట. ఈ షెడ్డు పొసైడన్ ఆ భంగిమలోనే ఉన్నాడు, త్రిశూలం కర్ర సరిగ్గా ముక్కు మీదుగా పోయింది. ఎదురుగా నిలబడి ఫొటో తీస్తే దేవుడి ముఖం రెండు ముక్కలవుతుంది. త్రిశూలాన్ని నిలువుగా, నేల మీద ఆనించి పట్టుకున్నట్టు చేయించుకోండి. ఇంకోటి, అది శివుడి త్రిశూలం కాదు. పక్క మొనలు వంపు తిరిగి విచ్చుకోకూడదు. అది చేపలు పొడిచే సాధనం. మూడు మొనలూ తిన్నగా, చివర్న గాలపు ముల్లులాంటి కొక్కేలతో ఉండాలి. అంతర్వేది వైపు చేపల పట్టు తెలిసినవాళ్లకి బొమ్మ గీసి చూపించక్కర్లేదు, మాట చెబితే చాలు.

జియస్ పిడుగు మరీ అన్యాయం. కరెంటు స్తంభం మీద 'డేంజర్' బోర్డులో ఉండే వంకర గీతని మందంగా చేసి చేతికిచ్చారు. గ్రీకు పిడుగు మధ్యలో పట్టుకునే పిడితో, రెండువైపులా మొగ్గల్లా విచ్చుకుని మొనదేలి ఉంటుంది. ఇంద్రుడి వజ్రాయుధం మూస షెడ్డులోనే ఉంది, దాన్నే కాస్త పొడుగు చేస్తే సరిపోతుంది. అన్నట్టు పేరు ప్లేటు మీద 'జ్యూస్' అని రాసిచ్చారు. పండ్లరసం కొట్టు పెట్టేవాళ్లకైతే ఫర్వాలేదు. మిగతావాళ్లు 'జియస్' అని కాగితం మీద రాసివ్వండి. గ్రీకు పేర్లూ రోమను పేర్లూ కలిపేస్తున్నారు కూడా, ఒకే వరసలో హేరా పక్కన 'వీనస్', ఆ పక్కన 'మార్స్'. వీనస్‌ని ఆఫ్రొడైటీ అనీ, మార్స్‌ని ఏరీస్ అనీ మార్పించుకుంటే వరస కుదురుతుంది.

డిమిటర్ పంటల తల్లి. చేతిలో కంకుల కట్ట ఉండాలి, ఉంది. దగ్గరగా వెళ్లి చూడండి. కంకి మధ్య నుంచి వంగి, గింజలు కిందికి వేలాడుతూ, కొసకి వచ్చేసరికి పలచబడి ఉంది. అది వరి. అందులోనూ 1982లో మారుటేరు వరి పరిశోధన కేంద్రం నుంచి వచ్చిన స్వర్ణ రకం, అదే ఎంటీయూ 7029, కోతకొచ్చినప్పుడు ఎలా వాలుతుందో అచ్చం అలాగే. డిమిటర్ చేతిలో ఉండాల్సింది గోధుమో బార్లీయో. ఆ కంకి నిటారుగా నిలబడుతుంది, గింజ గింజకీ పొడుగాటి మీసం ఉంటుంది. శాస్త్రం ప్రకారం తప్పే. అయినా మొత్తం సెట్టులో ఇంత శ్రద్ధగా చేసిన వస్తువు ఇంకోటి లేదు, మార్పించమని మేం చెప్పం.

జియస్ భార్య హేరాకి పెట్టిన నెమలి కుమారస్వామి వాహనం మూసలోంచి వచ్చింది, బ్రహ్మాండంగా ఉంది. నెమలి పుట్టిల్లు మన దేశమే కదా, దారి తప్పిందేమీ లేదు. షెడ్డులో నమూనాగా నిలబెట్టిన హేరాకి ఎవరో అప్పటికే కుంకుమ బొట్టు పెట్టేశారు. ద్రాక్షసారా దేవుడు డయొనైసస్ ద్రాక్షగుత్తులు బావున్నాయిగానీ చేతి కర్ర చెడింది. దాని కొసన ఉండాల్సింది పైన్ చెట్టు కాయ, చుట్టూ ఐవీ తీగ. ఇక్కడ అది భీముడి గదైపోయింది. ఆర్టెమిస్, అపోలో ఫర్వాలేదు. యుద్ధ దేవుడు ఏరీస్ గురించి చెప్పడానికేం లేదు, హెల్మెట్టు పెట్టుకున్న సినిమా సైనికుడు.

ప్రేమ దేవత ఆఫ్రొడైటీ రెండు రకాలు. మొదటిది 1820లో మీలోస్ దీవిలో దొరికి పారిస్ లూవ్రులో ఉన్న, చేతుల్లేని విగ్రహానికి నకలు. చేతుల్లేని బొమ్మ భిన్నమైందని, ఇంటి ముందు పెట్టకూడదని కొన్నవాళ్లు అన్నారట. వెంటనే రెండు చేతులు అతికించి, ఒక చేతిలో కలువ పెట్టారు. భుజాల దగ్గర అతుకు ఉబ్బెత్తుగా తెలిసిపోతోంది, లక్ష్మీదేవి చేతులు తెచ్చి వేరే ఒంటికి పెట్టినట్టుంది. రెండోది నిండా బట్ట కట్టుకున్నది. దీన్ని ఫంక్షన్ హాళ్లవాళ్లు పట్టుబట్టి చేయించుకున్నారని చెబుతూ షెడ్డువాళ్లు కాస్త సిగ్గుపడతారు. పడక్కర్లేదు. ప్రాక్సిటలీస్ అనే శిల్పి బట్టలున్నదొకటి, లేనిదొకటి రెండు ఆఫ్రొడైటీలు చెక్కితే కాస్ దీవివాళ్లు బట్టలున్నదే కొనుక్కున్నారని రోమను రచయిత ప్లినీ రాశాడు. లేనిది నైడోస్ ఊరివాళ్లు తీసుకున్నారు, పేరంతా దానికే వచ్చింది, అది వేరే సంగతి. ఈ రెండో రకమే తీసుకోండి, అతుకు లేదు, పోత శుభ్రంగా ఉంది.

సమోత్రేస్ దీవి నైకీకి కూడా ఇదే బాధ. 1863లో దొరికిన అసలు విగ్రహానికి తల లేదు. ఇక్కడ తల పెట్టేశారు, అదీ ఎథీనా మూసలోని తలే. రెక్కలు మాత్రం గరుత్మంతుడి అనుభవంతో చేశారు, ఈక ఈకా విడిగా కనిపిస్తుంది. కానీ ఐదడుగుల బొమ్మకి ఒక్కో రెక్క తెరచాపంత ఉంది. గాలి పట్టేది అక్కడే, పగిలేదీ వీపు దగ్గర అతుకులోనే. లోపల రెండు రెక్కల్నీ కలుపుతూ ఒకే గొట్టం ఉందో లేదో అడగండి. లేకపోతే ఆరుబయట పెట్టడానికి కొనకండి.

ఇక పన్నెండు లెక్క. ఒలింపస్ కొండ మీద ఉండే పెద్ద దేవతలు పన్నెండుగురని గ్రీకుల మాట. షెడ్డు సెట్టులో హేడిస్ ఉన్నాడు, హెస్టియా లేదు. హేడిస్ పాతాళానికి రాజు, ఒలింపస్ మీద ఉండడు, అందుకే మామూలుగా పన్నెండుగురిలో లెక్కపెట్టరు. పన్నెండో స్థానం హెస్టియాదో డయొనైసస్‌దో అన్న దగ్గరే జాబితాలు మారుతుంటాయి. పార్థినాన్ తూర్పు వైపు చెక్కిన వరసలో డయొనైసస్ ఉన్నాడు, హెస్టియా లేదు. కాబట్టి డయొనైసస్ ఉండగా హెస్టియా లేకపోయినా సెట్టు తప్పు కాదు, హేడిస్‌ని తీసేస్తే లెక్క సరిగ్గా పన్నెండుకి వస్తుంది. కల్యాణ మండపం గుమ్మంలో మూడు తలల కుక్కతో హేడిస్‌ని నిలబెట్టి పెళ్లివారిని ఆహ్వానించడం ఏ లెక్కన చూసినా బాగోదు. ఆయన బదులు పొయ్యి దేవత హెస్టియాని చెయ్యమంటే చేస్తామన్నారు. తల మీద ముసుగు, నిలువు గుడ్డ, పక్కన పొయ్యి. కొత్త మూస కూడా అక్కర్లేదు, డిమిటర్ ఒంటితోనే సరిపోతుంది.

రంగు దగ్గర ఒక మాట. కొనేవాళ్లంతా తెలుపే అడుగుతున్నారు, పాలరాయి అనుకోవాలని. గుళ్లో గోపురం బొమ్మల్లా రంగులేసినవి షెడ్డు వెనక మూడు పడి ఉన్నాయి, నాటుగా ఉన్నాయని ఎవరూ కొనలేదట. నిజానికి గ్రీకులు విగ్రహాలకి రంగులేశారు. నీలం, ఎరుపు, పసుపు, బంగారు రేకు. వందల ఏళ్ల వానకి, మట్టికి, తర్వాత జరిగిన శుభ్రాలకి అవి పోయి రాయి మిగిలింది. పార్థినాన్ శిల్పాల మీద కంటికి కనిపించని ఈజిప్టు నీలాన్ని ప్రత్యేక కెమెరాలతో పట్టుకున్నారు. నీలం శిరస్త్రాణం, ఎర్ర అంచు చీరలాంటి గుడ్డతో ఆ మూలన దుమ్ము కొట్టుకుపోతున్న ఎథీనా, ముందు వరసలో మెరుస్తున్న తెల్ల ఎథీనా కంటే పాతకాలపు ఏథెన్సుకి దగ్గర. పైగా మన వానలకి తెలుపు మీద నల్లటి పాచి రెండు వర్షాల్లో చారలు కడుతుంది, రంగుల మీద అంతగా తెలియదు.

ఇప్పుడు సరుకు నాణ్యత. పద్ధతి ఇది: మూసకి మైనం పాలిష్ పట్టించి, పోత అంటుకోకుండా పీవీఏ ద్రవం పూసి, అరమిల్లీమీటరు మందాన జెల్‌కోట్ అనే పైపొర వేసి, అది చేతికి అంటకుండా జిగురుగా ఉన్నప్పుడు చదరపు మీటరుకి 450 గ్రాములుండే గాజుపోగుల మ్యాటు పరిచి రెజిన్ అనే జిగురు పట్టిస్తారు. ఒక పొర ఆరితే సుమారు ఒక మిల్లీమీటరు వస్తుంది. మూడడుగుల బొమ్మకి మూడు పొరలు, ఐదడుగులదానికి నాలుగైదు ఉండాలి. ఇక్కడి మూడడుగుల ఎథీనా దాదాపు 8 కేజీలు తూగింది, అది సరైన బరువే. అదే సైజు పొసైడన్ 13 కేజీలు. బరువుంటే గట్టిదని మురిసిపోకండి. రెజిన్ ఆదా కోసం సున్నపురాయి పొడి ఎక్కువ కలిపితే బరువు పెరుగుతుంది, పెళుసుతనమూ పెరుగుతుంది. అడుగు నుంచి లోపలికి టార్చి వేసి చూడండి. మ్యాటు పోగులు కనిపించాలి, గచ్చులా నున్నగా బూడిదరంగులో ఉంటే పొడి పోత.

తర్వాత రూపాయి బిళ్లతో ఒళ్లంతా మెల్లగా తట్టాలి. టకటకమంటే బాగున్నట్టు, డొల్లగా పలికితే జెల్‌కోటుకీ మ్యాటుకీ మధ్య గాలి చిక్కినట్టు. ముక్కు పక్క, చంక, గుడ్డ మడతల లోతు, అడుగు పలక అంచు, ఈ నాలుగు చోట్లే ఎక్కువగా చిక్కుతుంది. వైశాఖం ఎండ తగిలితే అక్కడ పొక్కు లేచి పెంకు ఊడుతుంది. ఈ షెడ్డులో తట్టిన ఐదు బొమ్మల్లో రెండింటికి చంకలో డొల్ల దొరికింది. చెబితే గీకి, రెజిన్ పట్టించి, లప్పం పెట్టి ఇచ్చారు, గొణగలేదు.

వానాకాలం ఆలస్యానికి కారణం తేమ. మ్యాటు చెమ్మ పీల్చుకుంటే రెజిన్ పట్టదు, తెల్లమచ్చలు వస్తాయి, పైపొర రోజులు గడిచినా జిగురు వదలదు. అప్పుడు పని తొందరకి, రెజిన్‌ని గట్టిపరిచే హార్డెనర్ ఎక్కువ పోస్తారు. రెజిన్ బరువులో నూటికి ఒకటి నుంచి రెండు వంతులు దాని హద్దు. మించితే వేడెక్కి నెర్రెలిస్తుంది. తగ్గితే పచ్చిగా మిగిలి, నెల తర్వాత కూడా ఘాటు వాసన కొడుతుంది. డెలివరీ రోజున బొమ్మ అడుగున ముక్కు పెట్టి చూడండి, వాసన గుప్పుమంటే ఇంకో వారం షెడ్డులోనే ఉంచమనండి. ఆషాఢం నుంచి ఆశ్వయుజం దాకా ఆర్డరు పెట్టకపోవడమే మేలు, ఆ రోజుల్లో వాళ్ల చేతులు వినాయకుళ్లతో, దుర్గమ్మలతో ఖాళీ ఉండవు కూడా.

వేళ్లు, ఈటె మొనలు, హెర్మిస్ టోపీ అంచు ఉత్త రెజిన్‌తో పోసినవి. వరిగడ్డిలో చుట్టి ట్రాలీలో పంపినా ఒకటి రెండు విరుగుతాయి. ముక్క పారేయకండి. రెండువైపులా 3 మిల్లీమీటర్ల బెజ్జం అంగుళం లోతున వేసి, 2 మిల్లీమీటర్ల స్టీలు తీగ పెట్టి, ఎపాక్సీతో అతికి, లప్పం పెట్టి నున్నటి ఉప్పుకాగితంతో రుద్దితే అతుకు తెలియదు. ఇంట్లో రెజిన్ కలిపి చేద్దామనుకుంటే, రెజిన్ త్వరగా గట్టిపడటానికి వేసే కోబాల్టునీ హార్డెనర్‌నీ నేరుగా ఒకదాంట్లో ఒకటి ఎన్నడూ పోయకండి, భగ్గుమంటుంది. ముందు ఒకటి రెజిన్‌లో బాగా కలిశాకే రెండోది.

బిగింపు విషయంలో షెడ్డువాళ్ల సలహా వినకండి. నాలుగు మేకుల ప్లాస్టిక్ గుళికలు చాలంటారు. 1996 నవంబరు తుపాను చూసిన సీమలో ఇరవై కేజీల డొల్ల బొమ్మని అలా నిలబెట్టడం ఏమిటి? దిమ్మె కట్టేటప్పుడే అందులోంచి 40 మిల్లీమీటర్ల జీఐ గొట్టం బొమ్మ నడుం దాకా వచ్చేలా పాతించండి. బొమ్మని దానిమీదుగా దించి, వీపున ఒక మూత కోయించి, అడుగున తొమ్మిది అంగుళాల మేర కాంక్రీటు రెండు విడతలుగా పోయాలి. ఒక్కసారే పోస్తే పలచటి గోడ ఉబ్బుతుంది. కాంక్రీటు మట్టానికి పైన వెనకవైపు 8 మిల్లీమీటర్ల బెజ్జం ఒకటి, నీరు పోవడానికి. అది లేకపోతే లోపల నీరు నిలిచి దోమలకి ఇల్లవుతుంది. బోల్టులు స్టెయిన్‌లెస్ స్టీలువే వాడండి. సముద్రపు గాలికి మామూలు ఇనుము ఏడాదిలో తుప్పు కారి తెల్ల గుడ్డ మీద ఎర్ర చారలు దించుతుంది. కొబ్బరిచెట్టు కింద మాత్రం ఏ దేవుణ్నీ పెట్టకండి.

ఒక్క బొమ్మే కొనేట్టయితే హెఫైస్టస్‌ని చూడండి. కమ్మరి దేవుడు, జియస్ తల మీద గొడ్డలితో కొట్టి ఎథీనాని బయటికి తెచ్చినవాడు, గ్రీకు వీరుడు ఎకిలీజ్‌కి డాలు చేసిచ్చినవాడు. అతని సుత్తి, పట్కారు, దాగలి ఊళ్లో కమ్మరి కొలిమిలోంచి తెచ్చి కొలతలు తీసి చేశారు, పిడి దగ్గర చేతి పట్టు ఎలా ఉండాలో అలాగే ఉంది. ఎవరూ అడగట్లేదు, మూలన గడ్డి కింద పడి ఉంది, బేరమాడితే మూడడుగులది 11,000కి ఇస్తామన్నారు. అవిటి కాలు మాత్రం రెండోదానిలాగే తిన్నగా చేసేశారు, ముందే చెప్పి వంకర పెట్టించుకోవాలి.